కాకి బంగారానికి ఒక గది: పద్నాలుగు నెలల నా అనుభవం

2024 జులైలో మా అవ్వ పెద్దకర్మ అయిపోయిన మూడో రోజు, నెల్లూరు జిల్లా సైదాపురం పక్కనున్న మా ఊళ్ళో ఆమె ఇల్లు సర్దుతుంటే మంచం కింద ఒక రేకు పెట్టె కనిపించింది. తాళం లేదు గానీ మూత తుప్పు పట్టి బిగుసుకుపోయింది. నగలేమైనా ఉన్నాయేమోనని మా చిన్నత్త పక్కనే కూర్చుంది. తమ్ముడు సుత్తితో నాలుగు దెబ్బలు వేస్తే తెరుచుకుంది. లోపల పాత పంచె గుడ్డలో చుట్టిన మైకా (అభ్రకం) ముక్కలు, పిడి అరిగిపోయిన చిన్న కత్తి, ఒక పెద్ద కత్తెర, గళ్ళు గీసిన చెక్క, సగం చెదలు తిన్న కూలి పుస్తకం. "ఇంతేనా" అని అత్త లేచిపోయింది.

మైకాని మేం కాకి బంగారం అనేవాళ్ళం. చిన్నప్పుడు సెలవులకి వస్తే, వాన వెలిసిన సాయంత్రం దారి పొడుగునా మట్టి తళతళలాడేది. పిలకాయలం అందరం ఏరుకుని, పొరలు వలిచి, బొట్లు పెట్టుకుని తిరిగేవాళ్ళం. అవ్వ మాత్రం ఆ ఆట చూసి ఒక్కసారీ నవ్వలేదు. పద్నాలుగో ఏట మైకా కంపెనీ షెడ్డులో పనికి కూర్చున్న మనిషి, తొంభైల మొదట్లో కంపెనీ మూతబడేదాకా ఆ పొరలే వలిచింది. ఇంటికొచ్చాక కూడా కళ్ళ ముందు అదే కనిపిస్తుంటే ఏం నవ్వొస్తుంది!

ఆ రాత్రి తమ్ముడు, ఇంటి ముందు గదిని ఎరువుల గోడౌనుకి నెలకి 3,500కి అడుగుతున్నారని చెప్పాడు. ఎందుకన్నానో తెలియదు, "ఆ గదిలో ఈ పెట్టె పెడదాం, నలుగురూ వచ్చి చూస్తారు" అన్నాను. మ్యూజియం అనే మాట నేను అనలేదు. వాడే వెటకారంగా అన్నాడు. "మ్యూజియమా? టికెట్టు ఎంత పెడతావు అక్కా?" వారం రోజులు మాట్లాడుకోలేదు. చివరికి రెండేళ్ళ ఒప్పందం కుదిరింది. రెండేళ్ళు గది నాది, ఆ తర్వాత వాడి ఇష్టం.

ఇలాంటిది చేయాలనుకునేవాళ్ళు మొదట అడిగే ప్రశ్న "పర్మిషన్ కావాలా?" అనే. నేనూ అదే అడిగాను. ఆగస్టు మొదట్లో నెల్లూరులో ఒక ఆఫీసుకి వెళ్ళి, వస్తువుల ఫోటోలతో అర్జీ ఇచ్చాను. 47 రోజులు జవాబు లేదు. నాలుగోసారి వెళ్ళినప్పుడు ఒక పెద్దాయన కుర్చీ చూపించి చెప్పాడు. 1972 నాటి చట్టం ప్రకారం వస్తువుకి కనీసం వందేళ్ళు ఉంటేనే అది పురావస్తువు. రాతప్రతులకైతే డెబ్బై అయిదు చాలు. "మీ అవ్వ కత్తి ఎప్పటిది?" అన్నాడు. 1952 ప్రాంతం అన్నాను. "అయితే ఇంకో ఇరవై ఎనిమిదేళ్ళు ఆగి రండమ్మా" అని నవ్వాడు. బయటికొచ్చాక గానీ నాకు అర్థం కాలేదు, అది నాకు మంచి వార్త అని. పురావస్తువు కాదు కాబట్టి ఎక్కడా రిజిస్టరు చేయించక్కర్లేదు. ఆ ముక్క మొదటి రోజే చెప్పి ఉంటే 47 రోజులు మిగిలేవి.

తర్వాత ఎవరో సొసైటీ రిజిస్టర్ చేయిస్తే మంచిదన్నారు. చందాలు తీసుకోవాలన్నా, పంచాయతీని ఏదైనా అడగాలన్నా ఒక పేరుంటే నయమట. 2001 నాటి మన సొసైటీల చట్టం ప్రకారం కనీసం ఏడుగురు సభ్యులుండాలి. మా ఇంట్లో ఇద్దరం. మిగతా అయిదుగురి కోసం పడిన తిప్పలు ఇంకొక కథ. ఒకరు బెంగళూరులో, ఒకరికి ఆధార్‌లో ఇంటిపేరు తప్పు, ఒక బాబాయి "కేసులేమీ రావు గదా" అని మూడుసార్లు అడిగి సంతకం పెట్టాడు. కాగితాలు రెండుసార్లు తిరిగొచ్చాయి. నవంబరు చివరికి 23 రోజుల్లో చేతికొచ్చింది. చలానా కంటే జిరాక్సులకే ఎక్కువైంది. ఇప్పుడు ఆలోచిస్తే, ఒక్క గదికి ఇది అక్కర్లేదనే అంటాను.

సర్టిఫికెట్ వచ్చిన సంతోషం నాలుగు రోజులు కూడా లేదు. నవంబరు 30న ఫెంగల్ తుపాను. మా ఇల్లు పెంకుటిల్లు. ముందు గదిలో పదమూడు చోట్ల కారింది, గిన్నెలు చాలక బకెట్లు పెట్టాం. పెట్టెని నేను నెల్లూరు తీసుకుపోయి ఉన్నాను కాబట్టి సరిపోయింది. సంక్రాంతి తర్వాత మేస్త్రీ వచ్చి చూసి, వాసాలు కూడా మార్చాలన్నాడు. 64,000 అయింది. మొత్తం ఖర్చులో సగానికి కాస్త తక్కువ ఆ కప్పుకే పోయింది. మ్యూజియం అంటే అద్దాల బీరువాలు అనుకుంటాం గానీ, అసలు సంగతి వాన పడకుండా చూసుకోవడమే.

ఇక మార్చి 9, ఆదివారం. ఇది మాత్రం కాస్త వివరంగా చెప్పాలి.

పెట్టెలో ఉన్న ముక్కలు చిన్నవి. గనిలో నుంచి తీసినప్పుడు మైకా ఎలా ఉంటుందో పిలకాయలకి చూపించాలంటే పెద్దవి కావాలి. పాత గనుల దగ్గర డంపుల మీద, అంటే గనివాళ్ళు పారబోసిన కుప్పల మీద, బోలెడు పడి ఉంటుంది గదా అని, తమ్ముడూ నేనూ ఆటో మాట్లాడుకుని పోయాం. ఎండలో రెండు గంటలు ఏరి ఒక గోతం నింపాం. పదకొండు కిలోలు. తిరిగి వస్తుంటే రోడ్డు మీద తనిఖీవాళ్ళు ఆపారు. మా వైపు క్వార్ట్జ్ తవ్వకాల గొడవలు జరిగిన దగ్గర్నుంచీ తెల్ల రాయి ముక్క కనపడినా తనిఖీనే.

"గోతంలో ఏంది?"

"మైకా సార్. మ్యూజియం కోసం."

"ఏ మ్యూజియం?"

"ఇంకా పెట్టలేదు సార్."

ఆయన తప్పేమీ లేదు. ఆ జవాబుకి నేనైనా అలాగే చూసి ఉండేదాన్ని. గోతం అక్కడే దింపించుకుని, పర్మిట్ తెచ్చుకోండి అన్నాడు. ఆటో డ్రైవరు దారంతా ఒక్క మాట మాట్లాడలేదు. దిగేటప్పుడు మాత్రం, ఇంకోసారి ఇట్లాంటి కిరాయికి పిలవొద్దమ్మా అన్నాడు.

పర్మిట్ కోసం మూడుసార్లు తిరిగాను, పందొమ్మిది రోజులు. అక్కడ తెలిసింది ఏమిటంటే, 2015 నుంచి మైకా మైనర్ ఖనిజాల జాబితాలో, అంటే రాష్ట్రం నియమాల కింద, ఉండేది. సరిగ్గా అంతకుముందు నెలే, 2025 ఫిబ్రవరి 20న, క్వార్ట్జ్, ఫెల్డ్‌స్పార్, బెరైటీస్‌తో పాటు దాన్నీ కేంద్రం మేజర్ ఖనిజాల్లోకి మార్చింది. ఏ కాగితం ఎవరు ఇవ్వాలో ఆఫీసులో వాళ్ళకే ఇంకా తేలలేదు. "పదకొండు కిలోలకి పర్మిట్ అడిగినోళ్ళని నా సర్వీసులో చూడలేదమ్మా" అన్నాడు ఒకాయన. గోతం మీద ఆశ వదిలేసుకున్నాను. మీరెవరైనా ఇలాంటి పని పెట్టుకుంటే డంపుల జోలికి మాత్రం పోకండి. చెత్తలాగే కనపడుతుంది గానీ చట్టం దృష్టిలో అది ఖనిజమే.

ఆ సంగతి ఊళ్ళో చెప్పుకుని నవ్వుకుంటుంటే, పక్కింటి పెద్దమ్మ విని లోపలికి పోయింది. తిరిగొచ్చి చేతిలో పెట్టింది. అరచేయంత వెడల్పు, రెండు వేళ్ళ మందం ఉన్న దిమ్మ. లోపల్లోపల లేత ఆకుపచ్చ రంగు. మైకా వాళ్ళు దాన్ని బుక్కు అంటారు, నిజంగానే పుస్తకంలాగా పొరలు పొరలుగా ఉంటుంది. ముప్పై ఏళ్ళుగా బియ్యం డబ్బా మూత మీద బరువుకి పెట్టుకుందట! నెల రోజుల్లో పద్నాలుగు ఇళ్ళ నుంచి వస్తువులొచ్చాయి. మైకా పెట్టి అతుకేసుకున్న లాంతరు, లోపల మైకా పలకలున్న పాత ఇస్త్రీ పెట్టె, దేవుడి పటానికి అంటించిన పొరలు. ఒకామె కూతురి పెళ్ళికి మైకా పొడితో వేసిన ముగ్గు ఫోటో తెచ్చింది. దేనికోసం ఎండలో పడి ఏరి పట్టుబడ్డామో, అది ఊళ్ళో ఇంటింటా ఉంది.

వస్తువులొచ్చాయి గానీ మాటలు రాలేదు. ఏప్రిల్ నుంచి జూన్ దాకా నేను చేసిన పని అదే. మూడు ఊళ్ళలో కలిపి షెడ్డులో పనిచేసిన ఆడవాళ్ళు ఎనిమిది మంది మిగిలారు. అందరికంటే చిన్నామెకి 63 ఏళ్ళు. ఫోన్ బయటికి తీసి రికార్డు చేస్తానంటే చాలు, కొంగు కప్పుకుని లోపలికి పోయేవాళ్ళు. "మేం చేసింది ఏముంది పాపా, పొరలు తీసినాం, కూలి తీసుకున్నాం. కూలికి పోయినోళ్ళకి కూడా మ్యూజియం కడతారా?" నాకు కోపం వచ్చేది, తర్వాత సిగ్గేసేది. ఎందుకంటే వాళ్ళు నన్ను అడిగిన ప్రశ్నకి నా దగ్గరా సరైన జవాబు లేదు. అవ్వ బతికి ఉండగా ఒక్క పూట కూర్చుని నీ పని ఎట్లా చేసేదానివి అని అడిగిన మనవరాలిని కాదు నేను.

మే రెండో వారంలో ఒక మధ్యాహ్నం కరెంటు పోతే, పక్కింటి పెద్దమ్మ మా వరండాలోకి గాలికి వచ్చి కూర్చుంది. గళ్ళ చెక్క అక్కడే ఉంది. చీట్లాట పలకో, పులి-మేక ఆట పలకో అనుకుని ఎక్కడ పెట్టాలో తెలియక వదిలేశాను. ఆమె చూసి చేత్తో తుడిచి, ఒక చిన్న గడి మీద వేలు పెట్టింది. "ఇది అయిదున్నర."

అదేమిటంటే, మైకా ముక్కలో మచ్చా పగులూ లేకుండా ఎంత నలుచదరం దొరుకుతుందో దాన్ని బట్టి నంబరు. 24 నుంచి 36 చదరపు అంగుళాలైతే ఒకటో నంబరు, అంతకంటే పెద్దవి స్పెషల్. 15 దాటితే రెండు, 10 దాటితే మూడు, 6 దాటితే నాలుగు, 3 దాటితే అయిదు. రెండుంపావు నుంచి మూడు లోపు ఉండేది అయిదున్నర. ఒకటి నుంచి రెండుంపావు దాకా ఆరు. ఇవన్నీ నేను తర్వాత పుస్తకాల్లో సరిచూసుకున్నాను. ఆమె మాత్రం ఒక్కో గడి మీద వేలు పెట్టి, చూడకుండా చెప్పింది. "అయిదుకీ ఆరుకీ మధ్య పెద్ద తగాదా. మేం అయిదున్నర అంటే షెడ్డు మేస్త్రీ ఆరు అనేవాడు. ఆ అర కోసమే ఏడ్చిన రోజులుండాయి."

అప్పుడు కత్తి ఇచ్చాను. శుక్లాల ఆపరేషన్ అయిన కళ్ళు, చీకటి వరండా. ఆమె కళ్ళతో పని చేయనేలేదు. బుక్కు అంచుని బొటనవేలితో నిమిరి, ఒక చోట ఆగి, కత్తి మొన అక్కడ పెట్టి మెల్లగా ఒత్తింది. కిర్రుమని సన్నటి చప్పుడు. "దాన్ని చించగూడదు. గాలి పోనిస్తే అదే విడిపోతాది." పొర వచ్చింది. దాన్ని మళ్ళీ రెండు చేసింది. మళ్ళీ రెండు. చివరిది నా అరచేతిలో వేస్తే బరువే తెలియలేదు.

మా పిన్ని కొడుకు స్కూల్లో ఫిజిక్స్ చెబుతాడు. ల్యాబ్ నుంచి మందం కొలిచే స్క్రూగేజీ తెప్పించాను. ఎగుమతికి పంపే ఇలాంటి పల్చటి పొరల్ని స్ప్లిటింగ్స్ అంటారు, వాటి మందం అంగుళంలో పదివేల వంతులు పన్నెండుకి మించకూడదు. అంటే సుమారు 0.03 మిల్లీమీటర్లు, మామూలు కాగితంలో మూడో వంతు. పెద్దమ్మ తీసిన మూడు పొరలు కొలిస్తే రెండు 0.03, ఒకటి 0.02. పని మానేసి ముప్పై ఏళ్ళు దాటింది. నేను అరగంట కష్టపడి తీసింది 0.11, అదీ ఒక మూల చినిగింది. ఆమె దాన్ని తీసుకుని అటూ ఇటూ తిప్పి, "దీనికి కూలి ఈరు" అంది.

ఆ మధ్యాహ్నం నుంచి మిగతావాళ్ళూ మాట్లాడారు. చెప్పమంటే చెప్పరు గానీ, కత్తి చేతికిస్తే నోరు తెరుచుకుంటుంది. ఇది నేను ఎక్కడా చదవలేదు, కరెంటు పోయి తెలిసింది. పెద్ద పెద్ద పెట్టెలు రష్యాకి పోయేవని, ఆ దేశం ముక్కలయ్యాక ఆర్డర్లు ఆగిపోయాయని ఒకామె చెప్పింది. 1991 అని నేను రాసుకున్నాను, "మా చిన్నోడు ఏడో తరగతి తప్పిన సంవత్సరం" అని ఆమె లెక్క. కలిచేడు ఆసుపత్రి గురించి అందరూ చెప్పారు. మైకా కార్మికుల సంక్షేమానికి 1946లో వచ్చిన చట్టం కింద, ఎగుమతుల మీద వేసిన సెస్సుతో నడిచింది అది. ఎనిమిది మందిలో అయిదుగురి కాన్పులు అక్కడే. అది గోడ మీద రాయకపోతే ఒప్పుకునేది లేదన్నారు.

గోడ మీద ఏం రాయాలనే దగ్గర జులై అంతా గడిచిపోయింది. మా తాత గనిలో డ్రిల్లు పట్టేవాడు. నాకు తెలిసిన తాత అంటే దగ్గే. ఆయన ఫోటో కింద "మైకా గని కార్మికుడు" అని రాస్తే చాలదా అన్నాడు తమ్ముడు. రాతి దుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుని దమ్ముతో పోయాడని రాయాలన్నాను నేను. రాశాను.

కూలి పుస్తకం విషయంలో అంత ధైర్యం చేయలేకపోయాను. మచ్చలకీ విరుగుళ్ళకీ కోసుకున్న డబ్బులు ఒక పక్క, చేతికిచ్చింది ఇంకో పక్క, కింద మేస్త్రీ సంతకం. ఆయన ఇంటివాళ్ళు విని వచ్చారు. పోట్లాడలేదు, మర్యాదగానే కూర్చుని, "మా నాయన పేరు బజారున పెట్టొద్దమ్మా, ఆయనా జీతగాడే గదా" అన్నారు. అదీ నిజమే. సంతకం మీద కాగితం పట్టీ అంటించి పెట్టాం. అది సరైన పనో కాదో ఇప్పటికీ నాకు తేలలేదు. ఆ పట్టీ చూసినప్పుడల్లా అవ్వ ఏమనేదో అనిపిస్తుంది.

ఆగస్టులో చిల్లర పనులు. కరెంటు మీటరు అవ్వ పేరు మీదుంటే, పేరు మార్పుకి డెత్ సర్టిఫికెట్, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, ఇంకో మూడు వారాలు. వైరింగుతో కలిపి 18,000. అద్దాల బీరువాలు రెండు 41,500. ఫోటోలు, బోర్డులు 9,200. కాగితాలు, ప్రయాణాలు 7,300. బోర్డుల్లో అక్షరాలు పెద్దవిగా వేయించండి. మొదటిసారి చిన్నగా వేయిస్తే, ఎవరి గురించి రాశామో వాళ్ళే చదవలేకపోయారు. రెండోసారి వేయించాల్సొచ్చింది.

సెప్టెంబరు 14, ఆదివారం తెరిచాం. పెద్దలెవరినీ పిలవలేదు. సాంబారన్నం, పెరుగన్నం, వడ పెడితే నూట నలభై మంది దాకా వచ్చారు, 12,600 అయింది. అన్నీ కలిపితే లక్షా యాభై రెండు వేల ఆరు వందలు. చందాలు 31,000 వచ్చాయి, మిగతాది నేనూ తమ్ముడూ. ఆ ఎనిమిది మందీ కొత్త చీరలు కట్టుకుని వచ్చి, చెప్పులు విడిచి గుమ్మం బయటే నిలబడిపోయారు. షెడ్డులోకి పోయేటప్పుడు కూడా మేస్త్రీ రమ్మనేదాకా అట్లాగే నిలబడేవాళ్ళమని తర్వాత చెప్పారు. తమ్ముడే పోయి ఒక్కొక్కరినీ చేయి పట్టుకుని లోపలికి తీసుకొచ్చాడు. టికెట్టు ఎంత అని వెటకారం చేసినవాడే.

మైకా పలకని లైటరు మంట మీద పెట్టి చూపిస్తే పిలకాయలు అరుపులు. కాలదు, మసి తుడిస్తే మళ్ళీ అద్దంలాగా ఉంటుంది. అదే రోజు ఒకడు గోటితో దాని మీద తన పేరులో మొదటి అక్షరం గీకేశాడు. మైకా అంత మెత్తన, గోరు చాలు. అందుకని పట్టుకోవడానికి విడిగా ఒక పళ్ళెంలో ముక్కలు పెట్టి, మిగతావి అద్దం వెనక్కి మార్చాం. అక్టోబరులో మొంథా తుపాను వానలకి అద్దం లోపల చెమ్మ పట్టింది. చెప్పుల డబ్బాల్లో వచ్చే సిలికా జెల్ పొట్లాలు ఊళ్ళో అందరి దగ్గరా అడిగి తెచ్చి బీరువాలో మూలమూలనా పెట్టాం. పొరల మధ్య తడి చేరితే తెల్లబడతాయని పెద్దమ్మే ముందు చెప్పింది.

ఇప్పటికి రిజిస్టరులో 212 సంతకాలు. ఎక్కువ మంది చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళే. గూడూరు నుంచి ముగ్గురొచ్చి, మైకా గోడౌన్లన్నీ మా ఊళ్ళో ఉంటే మ్యూజియం ఇక్కడేంటని నిలదీశారు. మీరూ ఒకటి పెట్టండి అన్నాను. నెలకి కరెంటు, ఊడ్చే మనిషి కలిపి 1,150 అవుతుంది. ఎరువుల గోడౌను అద్దె మాట తమ్ముడు మళ్ళీ ఎత్తలేదు గానీ, 2026 జులైకి ఒప్పందం అయిపోతుందని నాకు గుర్తుంది.

తాళం పెద్దమ్మ దగ్గరే ఉంటుంది. మధ్యాహ్నం భోజనం చేసి వచ్చి, ఫ్యాను వేసుకుని అక్కడే కూర్చుంటుంది. పోయిన ఆదివారం నేను వెళ్ళేసరికి, రెండో బీరువాలో నేను అంటించిన చీటీ ఒకటి పీకి కిటికీలో పెట్టి ఉంది.

"ఇది ఆరు కాదు పాపా" అంది, "అయిదున్నర."

గళ్ళ చెక్క తెచ్చి ముక్కని దాని మీద పెట్టి చూశాను. చీటీ మార్చి రాశాను.